మేం తుడిచిన అద్దం

మా పని తుడవడం. నాదీ, మా చెల్లిదీ. నేను ఊడుస్తూ ముందు పోతే, తను తడిబట్ట పెట్టుకుంటూ వెనకాల వచ్చేది. నాలుగంతస్తుల భవనం. పై అంతస్తంతా ఒక్కాయనదే. ఆయన చాలా చదివాడట. మేమిద్దరం వెనకాల ఆయన్ని చుక్కల సారు అనుకునేవాళ్లం. ఎదురుగా అయితే నేను నోరు విప్పను. మనుషుల ముందు నాకు మాట పెగలదు. చెల్లి అలా కాదు.

చుక్కల సారు గొప్పంతా ఒక యంత్రం. మేడ మీద గదంత అద్దం. దాని మీద పడ్డ చుక్కల వెలుగు గొట్టంలోంచి కిందికి దిగి ఒక ఇనప గదిలోకి వస్తుంది. గది అంటే గది కాదు, ఒక కుర్చీ వేసి చుట్టూ నాలుగడుగులు నడిచేంత. ఆ వెలుగు మన దాకా రావడానికి ఏళ్లూ పూళ్లూ పడుతుందట. అందుకని దాని నిండా పాత కాలమే ఉంటుందట. తడిబట్ట పిండితే నీళ్లు కారినట్టు, ఆ వెలుగును పిండితే కాలం కారుతుందట. ఆ గదిలో ఏది పెట్టినా పది నిమిషాలు వెనక్కి పోతుంది. సగం కాలిన కొవ్వొత్తి పెడితే కాస్త పొడుగై వచ్చింది. దానికే చప్పట్లు. ఇంత చదువూ చదివి, చివరికి కొవ్వొత్తి మిగుల్చుకోవడం నేర్చుకున్నాడు మహానుభావుడు.

"ముట్టుకోకు" అన్నది ఆయన ఊతపదం. కుర్చీ ముట్టుకోకు, కాగితాలు ముట్టుకోకు, టీ గ్లాసు ముట్టుకోకు. ఆయన మాట వింటే ఆ అంతస్తు ఎప్పుడో చెత్తకుప్ప అయ్యేది. అందుకే ఆయన లేనప్పుడు అన్నీ తుడిచేవాళ్లం.

ఆరోజు యంత్రం చూడటానికి పెద్దమనుషులు వస్తున్నారు. ఎక్కడా వేలిముద్ర కూడా కనబడకూడదన్నాడు మా మేస్త్రి. సరేనని మేడ ఎక్కి ఆ అద్దం కూడా తుడిచాం. సబ్బునీళ్లతో ఒకసారి, మంచినీళ్లతో రెండుసార్లు. ఆరునెలల దుమ్ము. రెండు బకెట్ల నల్లనీళ్లు దిగాయి.

"చూసుకో అక్కా, పెళ్లికూతురిలా ఉన్నావు" అని అద్దంలో నన్ను చూపించి నవ్వింది చెల్లి.

చీకటి పడ్డాక పెద్దమనుషులు వచ్చారు. ఇనప గదిలో కూర్చోవలసిన కుర్ర ఇంజనీరుకి సరిగ్గా అప్పుడే కడుపునొప్పి వచ్చింది. చదువుకున్నవాళ్లు భయానికి పెట్టుకునే పేరది. చుక్కల సారు చుట్టూ చూశాడు. ఆయన కళ్లు మా చెల్లి మీద ఆగాయి.

"ఇదిగో, నువ్వు. లోపల పది నిమిషాలు కూర్చోవాలి. కూర్చోవడం వచ్చు కదా?"

పెద్దమనుషులు నవ్వారు. చెల్లి నా చెవి దగ్గరికి వచ్చింది.

"కూర్చోమంటే వద్దంటానా అక్కా? పొద్దున్నించి కాళ్లు లాగేస్తున్నాయి."

చెప్పులు విడిచి లోపలికి వెళ్లి కూర్చుంది. తలుపు పడింది. బయటి నుంచి గడియ పెట్టారు. అప్పుడు చుక్కల సారు గొప్పగా చెప్పడం మొదలుపెట్టాడు... మేడ మీద అద్దానికి ఆరునెలల దుమ్ము ఉందనీ, ఆ దుమ్ము ఎంత వెలుగును ఆపుతుందో కూడా లెక్క కట్టి యంత్రం సరిచేశాననీ.

మేం దింపిన రెండు బకెట్ల నల్లనీళ్లు గుర్తొచ్చాయి. ముందుకి వచ్చాను. "సారూ..." అన్నాను.

"పక్కకి జరుగమ్మా" అన్నాడు, నా మొహం కూడా చూడకుండా.

జరిగాను. నా బతుక్కి నాకు బాగా వచ్చింది అదొక్కటే.

మీట నొక్కాడు. గొట్టంలో సన్నగా ఊళ. దీపాలు తగ్గాయి. తడిగుడ్డ మీద ఇస్త్రీపెట్టె పెట్టి మరిచిపోతే వచ్చే కమురు వాసన. తలుపు సందుల్లోంచి తెల్లటి వెలుగు... పాలలాంటి వెలుగు కాదు, ఎముకలాంటి తెలుపు.

పది నిమిషాలకి తలుపు తీశారు. చెల్లి బయటికి వచ్చింది. చప్పట్లు. ఆమె చేతి గడియారం పది నిమిషాలు వెనకబడిందని చూసుకుని మురిసిపోయారుగానీ, ఎలా ఉన్నావని ఒక్కడూ అడగలేదు. అందరూ భోజనాలకి దిగిపోయారు. వాళ్ల బూట్ల మట్టి తుడవడానికి మేమిద్దరం మిగిలాం.

ఖాళీగా ఉన్న ఇనప గది తలుపు మూసి గడియ పెట్టాను. చీపురు తీసుకున్నాను.

టక్... టక్...

లోపలి నుంచి.

"అక్కా... పది నిమిషాలు కాలేదా? గడియ తియ్యవే."

చెల్లి గొంతు.

నా చెయ్యి గడియ మీదకి పోయింది. వెనక నుంచి ఇంకో చెయ్యి వచ్చి నా మణికట్టు పట్టుకుంది.

"తియ్యకు" అంది చెల్లి, గుసగుసగా.

ఆ అరచెయ్యి మెత్తగా ఉంది. పదహారేళ్లు సబ్బునీళ్లలో నానిన చెయ్యి అలా ఉండదు.

"అక్కా... ఎవరు నీతో ఉన్నది?"

నేను గడియ తియ్యలేదు.

తెల్లారి చుక్కల సారుకి చెప్పాను. జన్మలో మొదటిసారి ఆయన ముందు మాట పూర్తి చేశాను. "లోపల మా చెల్లి ఉంది సారూ."

"నీ వెనకే బకెట్టు పట్టుకుని నిలబడింది కదమ్మా. గాలి శబ్దాలకి కూడా బంధుత్వాలు కలుపుతావా?" అన్నాడు. అని, ఇనప గదికి ఇంత తాళం వేసి, చెవి తన దగ్గరే పెట్టుకున్నాడు. యంత్రం ఆపేశాడు. ఆ తర్వాత అటు వెళ్లవలసి వస్తే అవతలి గోడ రాసుకుంటూ నడిచేవాడు. గాలికి అంత భయపడే చదువు నేనెక్కడా చూడలేదు.

ఆయన్నని ఏం లాభం? ఆ రాత్రి తాళం లేదు. ఉత్త గడియ. నా చెయ్యి దాని మీదే ఉంది.

యంత్రం ఆగిందిగానీ లోపలికి పోయిన కాలం ఆగలేదు. వారం తిరిగేసరికి ఆ గొంతు సన్నబడింది. నెలకి పదేళ్ల పిల్ల గొంతయింది. "అక్కా, చీకటి... అక్కా, చీకటి..." తర్వాత మాటలు ముద్ద ముద్దగా వచ్చేవి. తర్వాత మాటలే లేవు. మొన్న సోమవారం నెలల పసిబిడ్డ ఏడుపు. ఇనప తలుపుకి చెంప ఆనించి, జోకొట్టినట్టు చేత్తో తట్టాను. ఇంకేం చెయ్యగలను?

బుధవారం ఏ చప్పుడూ లేదు. అయిపోయిందనుకున్నాను. కూలబడి ఏడ్చాను. చెల్లి నన్ను లేపి, నీళ్లిచ్చి, వీపు నిమిరింది. చాలా ప్రేమగా నిమిరింది.

నిన్న సాయంత్రం ఆ గది ముందు ఊడుస్తున్నాను. లోపల ఎవరో అటూ ఇటూ తిరుగుతున్నారు. బరువుగా, ఆయాసపడుతూ... నిండు నెలల మనిషి నడిచినట్టు. అడుగులు తలుపు దగ్గరికి వచ్చి ఆగాయి.

"పెద్దదానా..."

పద్దెనిమిదేళ్ల కిందట పోయిన మా అమ్మ గొంతు.

"చెల్లి ఇంకా నా కడుపులోనే ఉంది కదే. నీ పక్కన నిలబడ్డది ఎవరు?"

నా వెనకాల, చెల్లి మెల్లగా బకెట్టు కింద పెట్టింది.