హకిల్‌బెర్రీ పొదల దగ్గర గట్టిగా మాట్లాడకూడదు

పోస్టాఫీసు కౌంటర్ వెనక కూర్చునే బెర్నిస్ ఊరంతా చాటిన సంగతి ఇది. ఆగ్నెస్ ముసలమ్మ మనవరాలు కోరా ఉంది చూశారూ, కొత్తగా వచ్చిన అడవి శాఖ కుర్రాడు పెళ్ళి మాట ఎత్తగానే వాడి ముఖాన ఎలుగుబంట్లని తరిమే కారం స్ప్రే కొట్టిందట. వాడు చచ్చాన్రో దేవుడోయ్ అంటూ పోయి గుర్రాల తొట్టిలో తల ముంచాడట. బెర్నిస్ కళ్ళారా చూడలేదు. చూసినావిడ చెల్లెలు చెప్పిందట.

ఇందులో స్ప్రే, తొట్టి మాత్రమే నిజం.

ఆగస్టులో అడవి హకిల్‌బెర్రీ పళ్ళు ఊదారంగు తిరిగే వేళకి, మొంటానాలోని ఆ కొండ ఊళ్ళో ఫైరింజన్ షెడ్డులో ఏటా ఎలుగు జాగ్రత్తల క్లాసు పెడతారు. మనుషులూ ఎలుగులూ ఒకే పండు కోసం ఒకే కొండ ఎక్కే రోజులవి. ఈసారి పాఠం చెప్పే పని అడవి శాఖ కుర్రాడు వేడ్ నెత్తిన పడింది. వేడ్ తూర్పున గోధుమ చేల మధ్య పుట్టి పెరిగినవాడు. అక్కడ చెట్టు కనిపిస్తేనే వార్త. ఉద్యోగంలో చేరి మూడు నెలలు. పుస్తకం మాత్రం కంఠతా వచ్చు.

"డబ్బాని సంచి అడుగున పెడితే అది స్ప్రే కాదు, బరువు. నడుముకి ఉండాలి, చెయ్యి వెయ్యగానే అందాలి. 'కాస్త ఆగు తల్లీ, జిప్పు ఇరుక్కుంది' అంటే ఎలుగు ఆగదు."

జనం నవ్వారు. వేడ్‌కి హుషారొచ్చింది.

"నడిచేటప్పుడు నోరు మూసుకోవద్దు. మాట్లాడండి, పాడండి, చప్పట్లు కొట్టండి. మనుషులొస్తున్నారని తెలిస్తే చాలావరకు అదే తప్పుకుంటుంది."

నవ్వులు ఠక్కున ఆగిపోయాయి. ముందు బెంచీ నుంచి ఎర్రగళ్ళ చొక్కా అమ్మాయి ఒకతె లేచింది.

"పాడుకుంటూ పోతే మా పొదలెక్కడున్నాయో ఊరందరికీ తెలిసిపోదా, సార్?"

"తెలిస్తే ఏమవుతుంది?"

చర్చిలో ఉమ్మేసినవాడిని చూసినట్టు చూశారందరూ.

ఆ ఊళ్ళో పొలం కాగితాలైనా బల్ల మీద పడేస్తారు గానీ, మంచి హకిల్‌బెర్రీ పొదలెక్కడున్నాయో కడుపున పుట్టినవాళ్ళకి తప్ప చెప్పరు. ఎక్కడ కోశారంటే "కొండ మీద" అంటారు. బండి ఒక లోయలో ఆపి, ఇంకో లోయకి పిల్లిలా నడిచిపోతారు. పొదల్లో తుమ్మొచ్చినా మింగేస్తారు. పాపం వేడ్‌కి ఇవేవీ తెలియవు.

"ఇంతకీ తమరు ఎన్ని ఎలుగుల మీద కొట్టారు, సార్?" అమ్మాయి వదల్లేదు.

"నిజం చెప్పాలంటే... ఇంకా అవకాశం రాలేదు."

"పోనీ దగ్గరగా ఎన్నిటిని చూశారు?"

"మ్యూజియంలో ఉన్నది లెక్కకొస్తుందా?"

షెడ్డు రేకులు ఎగిరేలా నవ్వారు. పోయిన పరువు ఎక్కడైనా దొరుకుతుందేమోనని వెతుకుతుంటే, వేడ్ కళ్ళు ఆ అమ్మాయి నడుముకున్న డబ్బా మీద పడ్డాయి.

"నీ డబ్బాకి గడువు తీరి నాలుగేళ్ళయింది. లోపల ఒత్తిడి చచ్చిపోయి ఉంటుంది. కొడితే దూరం పోదు."

"పోదా?" అంటూ ఆమె క్లిప్పు పీకింది.

"ఇక్కడొద్దు, నాలుగు గోడల మధ్య..."

అతను చెప్పింది అక్షరాలా నిజం. అది దూరం పోలేదు. వేడ్ దాకా పోయింది.

క్షణంలో షెడ్డు ఖాళీ. తలా ఒకటి వండి తెచ్చిన గిన్నెలు మాత్రం బల్ల మీద మిగిలాయి. వేడ్ తొట్టిలోంచి తల ఎత్తేసరికి పక్కన ఆ అమ్మాయే, దగ్గుతూ, చేతిలో అతని పాఠం కాగితం పట్టుకుని.

"నలపకు! నలపొద్దని నువ్వే రాశావిక్కడ. చల్లటి నీళ్ళు పోసుకో, రెప్పలాడించు. కాంటాక్టు లెన్సులుంటే తియ్యి."

"లెన్సుల్లేవు. నువ్వెలా ఉంటావో సరిగ్గా చూడనే లేదు, అప్పుడే చూపు పోయింది."

"చూడకపోవడమే నీకు క్షేమం," అంది. అంటూనే ఇంకో బకెట్టు తేవడానికి పరిగెత్తింది. ఆ బకెట్టు నీళ్ళతో కారం చాలావరకు పోయింది. ఆ గొంతు మాత్రం వేడ్‌ని వదిలిపెట్టలేదు.

వారం తిరక్కుండా ఆగ్నెస్ ముసలమ్మ కబురంపింది. వేడ్ టోపీ చేత్తో పట్టుకుని వసారా మెట్ల దగ్గర నిలబడ్డాడు.

"మా పొదలవైపు ఆడ ఎలుగొకటి పిల్లలతో తిరుగుతోందిట. ఈ మోకాళ్ళతో నేను ఎక్కలేను. మా కోరా ఒంటరిగా పోతానంటోంది. నువ్వు తోడు వెళ్ళు నాయనా."

"వీడా అమ్మమ్మా? ఎలుగుని మ్యూజియంలో చూసినవాడు!" కోరా లోపల్నుంచి అరిచింది.

"పాఠం వచ్చు కదే. కళ్ళకి గుడ్డ కట్టి తీసుకుపో."

అలా వేడ్ ఒక శనివారం పొద్దున, పూల రుమాలు కళ్ళకి కట్టుకుని, కొత్త స్ప్రే డబ్బా నడుముకి పెట్టుకుని, కోరా పికప్‌లో కూర్చున్నాడు. ఆమె సబ్బు వాసన పక్కనుంచి వస్తోంటే గుడ్డ కట్టిన సంగతే మర్చిపోయి నవ్వుకున్నాడు.

"ఎందుకా నవ్వు?"

"ఈ చెక్క వంతెన మూడోసారి దాటుతున్నాం."

"నోర్మూసుకుని కూర్చో."

వంతెన దాటాక ఆమే ఎత్తుకుంది. "పోయినేడు లైల్ అని ఒకడు నా వెంట తిరిగాడు. రెండు ఆదివారాలు పువ్వులు తెచ్చాడు. మూడో ఆదివారం ఇద్దరు తమ్ముళ్ళనీ ఆరు బకెట్లనీ తెచ్చాడు. అప్పట్నుంచీ నన్ను చూసి ఎవడు పళ్ళికిలించినా వాడు నన్ను చూస్తున్నాడో నా వెనకున్న కొండని చూస్తున్నాడో అర్థం కాదు."

"నేను ప్రస్తుతం ఏదీ చూడట్లేదుగా."

ఆమె నవ్వు ఆపుకుంటోందని బండి అడ్డదిడ్డంగా పోవడాన్నిబట్టి తెలిసింది. కానీ ఆ నవ్వు వెనకున్న భయం కూడా అతనికి తెలిసింది. ఈ ఒక్క కొండని పళ్ళెంలో పెట్టి ఇచ్చినా తనకి అక్కర్లేదని ఈమెని నమ్మించేదెట్లా?

చాలా దూరం చెయ్యి పట్టుకు నడిపించి కోరా గుడ్డ విప్పింది. పాత కార్చిచ్చులో చెట్లు పోయిన వాలు అది. మోకాలెత్తు పొదలు, ఆకుకొక పండు. ఎండ పడి కొండంతా ఊదాగా మెరుస్తోంది. వేడ్ ఒక్క క్షణం అలా చూసి, చప్పట్లు చరిచి, "హేయ్ ఎలుగూ!" అని కేకేశాడు.

కోరా అరచేత్తో అతని నోరు మూసేసింది. "బుద్ధుందా? మూడు తరాలుగా ఈ వాలు మీద ఎవరూ గొంతెత్తలేదు!" అంది గుసగుసగా.

"మూడు తరాలుగా బతికారంటే అదృష్టం. అరవనీ."

"అరిస్తే నడిచి ఇంటికి పో."

"గుసగుసలాడుతూ చావడం కన్నా..."

ముప్పై గజాల దూరంలో పొద ఒకటి లేచి నిలబడింది. దానికి చెవులున్నాయి. మూతి ఊదారంగు. వెనక రెండు చిన్న తలకాయలు.

వేడ్ పుస్తకంలో అన్ని పేజీలూ ఒక్కసారిగా తెల్లబడ్డాయి.

"వేడ్. డబ్బా," అంది కోరా.

"ఆ."

"చేతిలోకి తియ్యి."

"తీశా."

"క్లిప్పు."

"ఏ క్లిప్పు?"

"షెడ్డులో నేను పీకానే, ఆ క్లిప్పు! బొటనవేలితో లాగు. గాలి మన వీపు మీదుంది, మంచిదే. పరిగెత్తకు. వెనక్కి మెల్లగా."

ఎలుగు పళ్ళు టకటకలాడించింది. ఒక్కసారి బుస కొట్టి దూకుతూ వచ్చింది. అంత లావు ఒళ్ళు అంత వేగంగా రావడం పుస్తకంలో ఏ బొమ్మలోనూ లేదు. వేడ్ వేలు బిగుసుకుంది.

"ఇప్పుడే వద్దు. రానీ. ఇంకా రానీ. పది గజాలు. దాని ముఖానికి కాస్త కిందకి, ముందు నేల మీదికి... కొట్టు!"

రెండు సెకన్లు. నారింజరంగు మబ్బు భుస్సుమంటూ గోడలా లేచింది. ఎలుగు ఆ గోడలోకి తల పెట్టి, నేల గీరుకుపోయేలా ఆగి, పెద్ద తుమ్ము తుమ్మి, అటు తిరిగి పోయింది. పిల్లలు రెండూ దాని వెనకే. పొదలు ఊగి ఆగిపోయాయి.

అప్పుడే గాలి బుద్ధి మార్చుకుంది. మబ్బు కొస వీళ్ళ మీదికొచ్చింది. ఇద్దరూ దగ్గుతూ, కన్నీళ్ళు కారుస్తూ ఒకరి మోచెయ్యి ఒకరు పట్టుకుని వెనక్కి వెనక్కి నడిచారు. బకెట్టు అక్కడే పడిపోయింది.

ఉన్నట్టుండి కోరా గొంతెత్తింది. "హేయ్ ఎలుగూ! పోతున్నాం తల్లీ! నీ పొదలు నీకే! హేయ్!" ఆ కేక ఎదుటి కొండకి తగిలి తిరిగొచ్చింది.

వేడ్ కంగారుగా గొంతు తగ్గించాడు. "మెల్లిగా! ఊరికి వినబడుతుంది. మీ పొదలు..."

"వినబడనీ! బెర్నిస్ విననీ, లైల్ విననీ, వాడి తమ్ముళ్ళూ విననీ! నువ్వు బతికుంటే నాకు చాలు," అని మళ్ళీ కేకేసింది. కాస్త దూరం నడిచాక గానీ తను ఏమన్నదీ ఆమెకి అర్థం కాలేదు. అర్థమయ్యాక చెవులు కందిపోయాయి. ఆ నెపం కూడా కారం మీదే వేసింది.

వాగులో ముఖాలు కడుక్కున్నారు. ఇంటికెళ్ళే దాకా ఆమె చెయ్యి గేరు మీద, అతని చెయ్యి ఆమె చేతి మీద.

ఆగ్నెస్ వసారాలో చిక్కుళ్ళు తుంచుతోంది. ఎర్రబడ్డ నాలుగు కళ్ళనీ, ఖాళీ చేతులనీ చూసింది. వేడ్ ముందుకొచ్చి టోపీ తీశాడు. దారంతా కూడబలుక్కున్న మాటలవి.

"అమ్మమ్మగారూ, మీ పొదలు చూశాను. ఎవరికీ చెప్పను. నాకా పొదలు అక్కర్లేదు, వాటి పళ్ళూ అక్కర్లేదు. ఈ జన్మలో ఒక్క బకెట్టు ముట్టుకోను. నాకు కోరా ఒక్కతే కావాలి. మీరు సరేనంటే చాలు."

కోరా కళ్ళు మళ్ళీ నిండాయి. అది స్ప్రేనో మరోటో ఆమెకే తెలియాలి. మూడో ఆదివారం భయం ఆ ముఖంలోంచి ఎగిరిపోవడం మాత్రం వేడ్ కళ్ళారా చూశాడు.

ముసలమ్మ చేతిలో చిక్కుడుకాయ కింద పెట్టింది. అతన్ని బూట్ల నుంచి నెత్తి దాకా ఒకసారి ఎగాదిగా చూసింది.

"బకెట్టు ముట్టుకోనివాడు నాకెందుకు? ఏటా ఎనిమిది నింపాలి, నా మోకాళ్ళు పోయాయి, మోసేదెవడు, మీ తాతా?"