మంచు మీద మైకు

"ఈ బ్యాచ్ టైమ్ అయిపోయింది. అందరూ దయచేసి మంచు మీంచి బయటికి వచ్చేయండి!"

మైకులో చెప్పిందే మళ్లీ చెప్పాడతను. పిల్లలు వచ్చేశారు. వాళ్ల అమ్మానాన్నలు వచ్చేశారు. రెయిలింగ్ వదలకుండా ఈ చివర్నుంచి ఆ చివరికి పాకిన లావుపాటాయన కూడా వచ్చేశాడు. ఒక్క అమ్మాయి మాత్రం నడిమధ్యలో బొంగరంలా తిరుగుతూనే ఉంది.

"ఎర్ర స్వెట్టర్ మేడమ్! మీకే చెప్పేది!"

ఉహూఁ. తలెత్తి చూడలేదు కూడా.

అతనికి ఒళ్లు మండింది. సముద్రం పక్కనున్న ఆ ఊళ్లో చలికాలమంటే ఫ్యాను కాస్త తగ్గించుకోవడమే. అందుకే సెలవులకి బీచ్ రోడ్డులోని పెద్ద హాల్లో మంచు పరిచి స్కేటింగ్ పెడితే జనం ఎగబడ్డారు. బయట చెమటలు కక్కుతూ క్యూలో నిలబడి, లోపలికి రాగానే అద్దె కోట్లు తొడుక్కుని సంబరంగా వణికేవాళ్లు. వాళ్లకి పాటలు వేయడం, జోకులతో నవ్వించడం, టైమ్ కాగానే బయటికి పంపడం అతని ఉద్యోగం. అందరూ అతన్ని మైక్ అనే పిలిచేవాళ్లు. అతను పిలిస్తే పలకని మనిషిని ఇంతవరకూ చూడలేదు.

మైకు పక్కన పడేసి, రబ్బరు చెప్పులతోనే మంచు మీదికి దిగాడు. మొదట్లో అడుగులు బాగానే పడ్డాయి. తర్వాత కాళ్లు గాల్లోకి లేచాయి. వెల్లకిలా జారుకుంటూ వెళ్లి సరిగ్గా ఆ అమ్మాయి కాళ్ల దగ్గర ఆగాడు.

ఆమె తిరగడం ఆపి కిందికి చూసింది. "ఏం కావాలండీ?"

"మీరు... బయటికి..."

"ఆ మాట చెప్పడానికి పడుకుని రావాలా?"

ఆమె ఆ రోజే చేరిన కొత్త స్కేటింగ్ కోచ్ అని ఆ తర్వాత తెలిసింది.

"నేనంత అరుస్తుంటే మీకు లెక్కే లేదా?" అని నిలదీశాడు మర్నాడు.

"మీ గొంతు బాగుంటుందట కదా. అలవాటైపోతే కష్టమని వినడం మానేశాను" అంది నవ్వుతూ.

దాంతో కోపం ఎటో పోయింది. బ్యాచ్‌కీ బ్యాచ్‌కీ మధ్య అతనికి స్కేటింగ్ నేర్పడం మొదలుపెట్టింది. మీరు కాస్తా నువ్వు అయింది.

"మోకాళ్లు వంచు మైకూ! మోకాళ్లు వంచమంటే నడుం వంచుతావేం?"

"పడిపోతాను!"

"పడు. నా చెయ్యి మాత్రం విరగ్గొట్టకు."

అతన్ని అన్నిటికంటే మత్తెక్కించిన సంగతి ఇంకొకటుంది. అతను మాట్లాడుతున్నంతసేపూ ఆమె చూపు అతని పెదాల మీంచి కదిలేది కాదు.

"ఒరేయ్, ఆ అమ్మాయి నా పెదాల వంకే చూస్తోందిరా" అన్నాడు టికెట్ కౌంటర్‌లో ఉండే స్నేహితుడితో.

"టూత్‌పేస్ట్ అంటుకుందేమో, అద్దంలో చూసుకో" అన్నాడు వాడు.

ఒక సాయంత్రం ఇద్దరూ బీచ్‌లో నడుస్తున్నారు. మసక చీకటి, హోరుగాలి. రోజూ వందలమందితో వాగే నోరు అతనికి ఎండిపోయింది. ఆమె మొహం చూస్తూ చెప్పే ధైర్యం లేక, సముద్రం వైపు తిరిగి అన్నాడు.

"నువ్వు లేకుండా నాకు రోజు గడవదు. నన్ను పెళ్లి చేసుకుంటావా?"

ఆమె మోచేతి మీద ఫట్మని చరుచుకుంది.

"అవును" అంది. అతను గిరుక్కున తిరిగేలోపే, "దోమలెక్కువగా ఉన్నాయి. ఇక వెళ్దాం పద" అంది.

అతని మీద చెంబుడు చన్నీళ్లు కుమ్మరించినట్టయింది. ఇష్టం లేకపోతే లేదని చెప్పొచ్చు. మాట దాటేయడానికి దోమలు కావాల్సి వచ్చాయా?

మర్నాటి నుంచి ఆమె పలకరిస్తే మొహం తిప్పుకుని "ఏం లేదు" అనేవాడు. ఆమె చుట్టూ తిరిగి ఎదురుగా వచ్చి నిలబడేది. అతను మళ్లీ అటు తిరిగేవాడు. ఆమె నవ్వు రోజురోజుకీ సన్నబడిపోయింది. అతను చూడనట్టే ఉన్నాడు.

ఒకరోజు బ్యాచ్ అయ్యాక మంచు చదును చేసే బండి లోపలికొచ్చింది. ఆమె ఎవరో పారేసుకున్న గ్లవ్స్ ఏరుతూ అటు తిరిగి వంగి ఉంది. బండి వెనక్కి వస్తోంది. డ్రైవర్ హారన్ మోగిస్తున్నాడు.

"కోచ్! పక్కకి జరుగు! పక్కకి!"

మైకులో అతని కేకకి క్యూలో ఉన్నవాళ్లు సైతం ఉలిక్కిపడ్డారు. ఆమె తల కూడా తిప్పలేదు.

అతను పరిగెత్తాడు. డ్రైవర్ బ్రేకు వేశాడు గానీ, బండి అంచు తగలనే తగిలింది. ఆమె తన చెయ్యి మీదే ఒరిగి పడింది.

నొప్పితో విలవిల్లాడుతూనే డ్రైవర్ వైపు చూసి, "హారన్ అయినా కొట్టొచ్చు కదా అన్నా?" అంది.

డ్రైవర్ చెయ్యి ఇంకా హారన్ మీదే ఉంది. ఆమె ఒక్కొక్కరి మొహంలోకీ చూసింది. మెల్లగా తల దించుకుంది.

చేతికి కట్టు కట్టించి, ఇక రావద్దని చెప్పి పంపేశాడు మేనేజర్. హాలు బయట మెట్ల మీద అతను ఆమె ఎదురుగా కూర్చున్నాడు.

"ఎడమ చెవి ఎప్పుడో పోయింది. కుడిది కూడా పోతోంది. ఏ మందూ పనిచెయ్యదన్నారు డాక్టర్లు" అంది. "పెదాలు చూసి నెట్టుకొస్తున్నాను. మంచు మీద ఎవరికీ తెలియదనుకున్నాను."

పెదాలు. ఇన్నాళ్లూ మురిసిపోయిన ఆ చూపులకి అర్థం అదా! అతనికి తన మీద తనకే అసహ్యం వేసింది.

"అయితే ఆ రోజు బీచ్‌లో నేను..."

"ఏమన్నావు?"

అతను నోరు తెరిచాడు. ఆమె ఏం గ్రహించిందో, కట్టు లేని చెయ్యి అడ్డం పెట్టింది.

"వద్దు. ఇప్పుడు ఏం చెప్పినా నాకు జాలిలాగే కనిపిస్తుంది. అందరూ నీ గొంతంటే పడిచస్తారు. రేపు నాకు మిగలనిది అదే. నన్నేం చేసుకుంటావు మైకూ?"

బస్సెక్కి వెళ్లిపోయింది. ఫోన్ చేస్తే తీయలేదు. మెసేజ్‌లకి జవాబు లేదు.

సెలవులైపోయాయి. మంచు మిషన్లు ఆపేశారు. మంచంతా మురికినీళ్లయి కాలవలోకి పోతుంటే అతను గుమ్మంలో నిలబడి చూశాడు. స్నేహితుడు భుజం తట్టి ఇంకో హాల్లో పని ఉందన్నాడు. అతను ఆ చెయ్యి తీసేసి బయటికి నడిచాడు.

బట్టలు కుట్టే అక్క దగ్గర ఉంటున్నానని ఆమె ఎప్పుడో అంది. ఆ ఒక్క మాట పట్టుకుని, కుట్టుమిషన్ కనిపించిన ప్రతి ఇంటి గడపా ఎక్కాడు. చివరికి ఒక ఇంట్లో మిషన్ తొక్కుతున్నావిడ అతన్ని ఎగాదిగా చూసింది.

"మైక్ అంటే నువ్వేనా?"

"అవునక్కా. ఒక్కసారి మాట్లాడాలి."

"వినే స్థితిలో లేదు తమ్ముడూ." ఆవిడ లోపలి గది వైపు చూసింది. "పొద్దున్నే రేడియో చెవికి ఆనించుకుంటుంది. నిన్నటికీ ఇవాళ్టికీ ఎంత తగ్గిందో చూసుకుంటుంది. ఆ తర్వాత రోజంతా గోడ వైపు తిరిగి పడుకుంటుంది. నేను ఈ మిషన్ తొక్కడం తప్ప ఏం చెయ్యగలను?"

అప్పుడే ఆమె గుమ్మంలోకి వచ్చింది. చిక్కిపోయింది.

"ఎందుకొచ్చావు?"

అతను దగ్గరికెళ్లి, వెలుతురు తన మొహం మీద పడేలా నిలబడి, నెమ్మదిగా చెప్పాడు.

"ఇది జాలి కాదు. బీచ్‌లో అడిగినప్పుడు నాకేం తెలియదు. నువ్వేమో దోమలున్నాయి అన్నావు. అందుకే అలిగాను."

"దోమలా?"

నవ్వబోయింది. అది సగంలోనే ఏడుపైపోయింది.

"ఏం అడిగావు?"

అతను చెప్పబోయాడు. ఆమె తల అడ్డంగా ఊపింది.

"అలా కాదు. పెదాలు చదువుకోవడం జన్మంతా ఎలాగూ ఉంటుంది. ఇది మాత్రం వినాలి. కుడి చెవిలో కాస్త మిగిలింది. తొందరగా చెప్పు."

కళ్లు గట్టిగా మూసుకుంది. అక్క మిషన్ ఆపేసింది. లేచి ఫ్యాను కట్టేసింది. వీధి వైపు కిటికీ మూసింది.

అతను వంగి చెప్పాడు.

"వినబడలేదు."

గట్టిగా చెప్పాడు.

"మళ్లీ."

అరిచాడు. గొంతు జీరబోయింది. మూసిన రెప్పల కింద నుంచి నీళ్లు ఆమె చెంపల మీదికి జారాయి.

"ఇంకోసారి" అంది.

నిజంగా వినబడకే అడుగుతోందో, విన్నది మళ్లీ వినాలని అడుగుతోందో అతనికి తెలియలేదు. అడిగే ధైర్యమూ లేకపోయింది.

వెనకనుంచి అక్క ముక్కు చీదిన చప్పుడైంది.

"చెప్పు మరిదీ" అంది. "ఇంకా గట్టిగా చెప్పు."