తీసేసిన షాట్

"ఆ ఫంక్షన్‌కి నేను రాను నాన్నా."

కూతురు గొంతు పెంచకుండానే అంది. అయినా వడ్డిస్తున్న తల్లి చేతిలో గరిటె ఆగిపోయింది.

తండ్రి సినిమా నిర్మాత. జీవితమంతా దెయ్యాల సినిమాలే తీశాడు. బయట అందరికీ ఆయన 'దెయ్యాలాయన'. ఇంట్లో మాత్రం బల్లి కనబడితే భార్యను కేకేసే మనిషి. ఆయనను నిలబెట్టింది మొదటి సినిమా. అందులో బీరువాలో చిక్కుకుపోయిన చిన్నపిల్ల వేషం ఈ కూతురిదే. వెనక చెక్కకు కంత చేసి, అందులోంచి ఆ పసి ముఖాన్ని కెమెరాకెక్కించారు. ఆ ఒక్క షాట్ కోసమే జనం మళ్ళీ మళ్ళీ వచ్చారు. ఇన్నేళ్ళకు ఆ సినిమా తిరిగి విడుదలవుతోంది. కూతురు వేదికెక్కి నాలుగు మాటలు మాట్లాడాలని ఆయన ముచ్చట.

"అందరూ నిన్ను చూడాలనుకుంటుంటే రానంటావేమే?"

"ఎలా నటించావని అడుగుతారు. ఏం చెప్పను? నేను నటించలేదు. మీరు బయట గొళ్ళెం పెట్టారు."

"గొళ్ళెమేమిటి?" అంది తల్లి.

"రిహార్సలని చెప్పి లోపలికి పంపారమ్మా. తలుపు నెట్టాను, రాలేదు. నిన్ను పిలిచాను... 'ఆపకండి, తియ్యండి' అని నాన్న అనడం నాకు వినబడింది."

తల్లి కుర్చీలో కూలబడింది. ఆ రోజు ఆమె పక్క గదిలోనే ఉంది, పిల్ల గౌనుకు ఊడిన గుండీ కుడుతూ. 'అమ్మా' అన్న కేక విని లేచింది కూడా. మీ అమ్మాయి నటన అదిరిపోతోందండీ అని ఎవరో నవ్వుతూ చెప్పారు. తనూ నవ్వి మళ్ళీ కూర్చుంది... ఆ తర్వాత ఎంతమంది చుట్టాలకు చెప్పుకుని మురిసిపోయిందో! కన్నతల్లి చెవికే తేడా తెలియలేదు. చేతిలో సూది పెట్టుకుని, బిడ్డ ఏడుపు వింటూ, దారం తెంపుతూ... ఎలా కూర్చుందో!

"ఏమండీ, నిజమేనా?"

ఆయన కంచంలోకి చూస్తూ, "చిన్నపిల్ల కదా, మర్చిపోతుందనుకున్నాను" అన్నాడు.

"నాకిప్పటికీ లిఫ్ట్ ఎక్కాలంటే భయం నాన్నా. మెట్లెక్కితే ఒంటికి మంచిదని మీరు మెచ్చుకునేవారు."

తల్లి భర్త వైపు తిరిగింది.

"ఆ షాట్ తీసెయ్యండి."

"అది తీసేస్తే ఏం మిగులుతుంది? నేను తీసినవాటిలో జనానికి గుర్తున్నది అదొక్కటే."

"మిగలకపోతే పోనివ్వండి. అప్పుడంటే తెలియక కూర్చున్నాను. ఇప్పుడు కూర్చోలేను."

ఆయన సగం అన్నం వదిలేసి లేచిపోయాడు. ఆ వారమంతా ఇంట్లో ఎవరితోనూ సరిగ్గా మాట్లాడలేదు. ఒక ఉదయం నేరుగా ఎడిటింగ్ గదికి వెళ్ళి, పక్కన నిలబడి ఆ ముక్క కత్తిరింపించాడు. సినిమా విడుదల చేస్తున్నవాళ్ళు బతిమాలారు, కోప్పడ్డారు. ఆయన వినలేదు. ఫంక్షన్ రోజు ఒంటరిగా వేదికెక్కాడు.

"బీరువాలో పిల్ల నిజంగానే భయపడింది. భయపెట్టింది నేను. నటన అని ఇన్నాళ్ళూ మీకు అబద్ధం చెప్పాను. అందుకే ఆ షాట్ తీసేశాను."

చప్పట్లు పడలేదు. ఆయన కూడా వాటి కోసం ఆగకుండా దిగిపోయాడు.

రానన్న కూతురు వచ్చింది. హాల్లో చివరి వరసలో, తలుపు పక్క సీట్లో తల్లితో కూర్చుంది. తెర మీద బీరువా తలుపు మూసుకోగానే నేరుగా తెల్లవారిన సీను వచ్చింది. "అసలు సీనేదిరా?" అని ముందు వరసలో ఎవరో విసుక్కున్నారు. తల్లి చేతిలో కూతురి చెయ్యి మొదట బిగుసుకుంది, తర్వాత మెల్లగా వదులైంది. ఆ తర్వాతి కథ కూతురు ఏనాడూ చూడలేదు. ఎప్పుడు వేసినా అక్కడికి రాగానే లేచి వెళ్ళిపోయేది. ఈసారి చివరిదాకా చూసింది.

బయట వరండాలో ఆయన నిలబడి ఉన్నాడు. మొదటి సినిమా మొదటి ఆట రోజున కూడా ఆ ముఖంలో అంత బెదురు లేదని భార్యకు అనిపించింది.

"ఎలా ఉందమ్మా?"

కూతురు కాసేపు ఆలోచించింది.

"సెకండాఫ్ కొంచెం సాగింది నాన్నా."

"అప్పుడూ అందరూ అదే అన్నారు" అన్నాడాయన, కళ్ళు తుడుచుకుంటూ.