గొడవల టైంటేబుల్

"ఈ వాషింగ్ మెషీన్ ఇవాళే ఇస్తామని ఎవరు చెప్పమన్నారండీ?"

సర్వీస్ సెంటర్ కౌంటర్‌లో చేరిన రెండో రోజున ఆమెకు ఎదురైన ప్రశ్న అది. అడిగినవాడు మెకానిక్. చేతినిండా గ్రీజు, మొహంనిండా కోపం.

"ఆ పెద్దావిడ చాలా బతిమాలారండీ..." అంది ఆమె, తనకే సరిగ్గా వినపడనంత మెల్లగా.

"బతిమాలితే మోటారు తిరుగుతుందా?"

ఆమె కళ్ళు చెమర్చాయి. అతను కంగారుపడిపోయాడు.

"అయ్యయ్యో! నేను తిరగమన్నది మోటారండీ, మీ కళ్ళలో నీళ్ళు కాదు!"

ఆ సాయంత్రం అందరూ వెళ్ళాక కూడా కూర్చుని ఆ మెషీన్ బాగుచేశాడు. ప్రతి మెషీన్‌కూ దారంతో ఒక జాబ్ కార్డు కట్టి ఉంటుంది. ముందువైపు ఆమె తారీఖు వేస్తుంది, వెనకవైపు అతను లోపం రాస్తాడు. ఆ కార్డు వెనక ఇలా రాశాడు: "లోపం నా నోటిది. సరిచేశాను."

ఆమె దాన్ని ఫైల్లో పెట్టలేదు. ఇంటికి తీసుకెళ్ళింది.

ఆరు నెలలు గడిచేసరికి వాళ్ళిద్దరి మాటల్లోంచి 'అండీ' ఎగిరిపోయింది.

అతనిలో ఆమెకు నచ్చింది ఆలోచించే తీరు. కస్టమర్ ఎవరైనా అరుస్తూ వస్తే అతను మారు మాట్లాడడు. పాడైన మోటారు విప్పి, "కాస్త పట్టుకోండి సార్, చూపిస్తాను" అని వాళ్ళ చేతికే ఇస్తాడు.

"చేతిలో బరువుంటే ఎవరూ చెయ్యి ఎత్తి అరవలేరు" అని ఆమెకు చెప్పాడు ఒకసారి. "గొడవలో గెలవాలంటే ఎదుటివాడు ఏం చేస్తాడో వాడికంటే ముందు మనకి తెలియాలి."

ఆమె నోరు తెరుచుకుని విన్నది.

అయితే ఆ సెంటర్‌లో ఒక రూలుంది. ఒకే బ్రాంచిలో ఇద్దరు ప్రేమించుకుంటున్నారని తెలిస్తే ఒకరు మానెయ్యాలి. మేనేజర్ కళ్ళు డేగ కళ్ళు.

"మనం బద్ధశత్రువులం అయిపోవాలి. ఆయనకి అనుమానమే రాదు" అన్నాడు అతను. "సోమవారం డెలివరీ తారీఖు మీద గొడవ. గురువారం స్పేర్ పార్టు మీద."

"నాకు అరవడం రాదు."

"నేర్పిస్తాగా."

మెషీన్ గిరగిరా తిరిగే చప్పుడులో ఎవరికీ వినపడకుండా ప్రాక్టీసు చేయించాడు.

"మీకు... బుద్ధుందా?" అంది ఆమె.

"భోంచేశారా అని అడిగినట్టుంది. ఇంకా గట్టిగా!"

ఇద్దరూ పడీ పడీ నవ్వుకున్నారు. ఎవరేమనాలో జాబ్ కార్డుల వెనక రాసుకున్నారు. నెల తిరిగేసరికి ఆఫీసులో ఆమెకు 'సైరన్' అని పేరొచ్చింది. మొదట్లో ఆ పేరు వింటే ఆమెకు నవ్వొచ్చేది. తర్వాత, టీ తాగే గదిలో తను కూర్చోగానే పక్కవాళ్ళు కప్పులు పట్టుకుని లేచిపోవడం గమనించింది.

ఒక గురువారం అతను అందరిముందూ అన్నాడు: "ఈ అమ్మాయికి తలైతే ఉంది గానీ లోపలంతా ఖాళీ."

అందరూ గొల్లుమన్నారు.

"అది మనం రాసుకున్న మాట కాదుగా?" అని సాయంత్రం అడిగింది.

"సహజంగా ఉండొద్దూ?" అన్నాడు.

చివరికి మేనేజర్ ఇద్దరినీ నిలబెట్టాడు. "మీ గోలతో నా బుర్ర వేడెక్కిపోతోంది. ఇద్దరిలో ఒకళ్ళే ఉంటారు. తప్పెవరిదో రేపు ఒక్కొక్కరే వచ్చి చెప్పండి."

"ఇద్దరం తప్పు నాదంటే నాదందాం. ఆయన కరిగిపోతాడు, ఇద్దరినీ ఉంచేస్తాడు" అన్నాడు అతను. చేతిలో చెయ్యి కూడా వేశాడు.

ముందు ఆమె వెళ్ళింది. "తప్పంతా నాదే సార్."

తర్వాత అతను వెళ్ళాడు. పది నిమిషాల తర్వాత మేనేజర్ ఆమెను మళ్ళీ పిలిచాడు.

"తప్పు నీదేనని అతనూ చెప్పాడమ్మా. ఇంక నేను చెయ్యగలిగిందేముంది?"

వెనక గుమ్మం దగ్గర అతను ఆమె కోసం ఎదురుచూస్తున్నాడు.

"కోపం తెచ్చుకోకు, ఆలోచించు. ఇద్దరం తప్పు మీదేసుకుంటే కూడబలుక్కున్నామని ఆయన కనిపెట్టేసేవాడు. అప్పుడు ఇద్దరి ఉద్యోగాలూ పోయేవి. మూడు నెలల్లో నేను పర్మనెంట్ అవుతాను. అమ్మని తీసుకుని మీ ఇంటికొస్తా. నువ్విక్కడ లేవు కాబట్టి రూలూ అడ్డు రాదు. ఎటు చూసినా గెలిచింది మనమే."

ఆ మాటల్లో ఎక్కడైనా తప్పు దొరుకుతుందేమోనని ఆమె వెతికింది. దొరకలేదు.

"నాకు ముందే చెప్పొచ్చుగా?"

"చెబితే నీ మొహంలో తెలిసిపోయేది."

అదీ నిజమే. అందుకే ఇంకా బాధేసింది.

ఆ మూడు నెలల్లో ఆమె రెండు చోట్ల కౌంటర్ ఉద్యోగానికి వెళ్ళింది. రెండు చోట్లా పాత మేనేజర్‌కి ఫోన్ చేసి కనుక్కున్నారు. "కస్టమర్లతో పనమ్మా, నెమ్మదస్తులు కావాలి" అని పంపించేశారు.

అతను మాట తప్పలేదు. తల్లిని తీసుకుని వచ్చాడు. ఆమె తల్లి కొత్త దుప్పటి పరిచిన మంచం మీద ఇద్దరినీ కూర్చోబెట్టింది.

"నోరు కాస్త పెద్దదని ఆఫీసంతా చెప్పుకుంటారటమ్మా" అంది అతని తల్లి, నవ్వుతూనే. "అయినా మావాడు సర్దుకుపోతానంటున్నాడు. వాడి మనసు వెన్న. నీ నోరు మా గడప బయటే వదిలేసి రావాలి, సరేనా?"

ఆమె అతని వైపు చూసింది. ఓర్చుకోమన్నట్టు కళ్ళతోనే సైగ చేశాడు.

"తల వంచుకోవే" అని అమ్మ వెనకనుంచి గొణిగింది.

ఆమె తల వంచలేదు. "ఒక్క మాట చెప్పు" అని అతన్నే అడిగింది. "ఆ గొడవలన్నీ ఇద్దరం కలిసి ఆడిన నాటకమని చెప్పు. నేనలాంటిదాన్ని కానని మీ అమ్మగారితో చెప్పు. అంతే చాలు."

అతను నోరు తెరిచాడు. తల్లిని చూశాడు. అతని కళ్ళు కొద్దిగా చిన్నవయ్యాయి. చెబితే ఏమవుతుందో, చెప్పకపోతే ఏమవుతుందో బేరీజు వేసుకుంటున్నాడు. ఆ చూపు ఆమెకు బాగా తెలుసు. దాన్నే ప్రేమించింది.

"అవన్నీ పెళ్ళయ్యాక మెల్లగా మాట్లాడుకుందాం" అన్నాడు చివరికి.

ఆమె అతని తల్లి వైపు తిరిగింది.

"నాకీ పెళ్ళి వద్దండీ. మీరు విన్నదే నిజమనుకోండి."

ఆవిడ చివ్వున లేచింది. "చూశావుట్రా? ఈ పిల్ల ఇలాంటిదేనని నేను చెప్పలేదూ?"

అతను ఒక్క క్షణం ఆగాడు. తర్వాత అవునన్నట్టు తలూపాడు.