మూడు తోకల ముంగిస

నారాయణఖేడ్‌లో పాత గాసునూనె డిపో ముందు నుంచి చీకటి పడ్డాక ఎవరూ నడిచేవాళ్లు కాదు. తప్పనిసరై నడవాల్సి వస్తే చెప్పులు చేతిలో పట్టుకుని ఉరికేవాళ్లు.

కిరోసిన్‌ను మా దగ్గర గాసునూనె అంటారు. ఆ డిపో నడిపిన మొగులప్ప బతికున్నంత కాలం ఎవరికీ నిండు లీటరు పోసిన పాపాన పోలేదు. కొలత డబ్బా అడుగును సుత్తితో లోపలికి కొట్టించాడట. మూడు లీటర్లకు వెళ్తే “ఒకటి... రెండు...” అని గట్టిగా లెక్కపెట్టి, మూడో దగ్గర మాటల్లోకి దింపేవాడు. మీ ఎడ్లెట్లున్నయ్, మీ అత్తకు దగ్గు తగ్గిందా అంటూనే డబ్బా మీ చేతిలో పెట్టి పంపేవాడు. ఇంటికి పోయి చూసుకుంటే రెండే.

ఆయన పోయాక షట్టర్ పడింది. షట్టర్‌కు తుప్పు పట్టింది. ఆ తర్వాత... డిపోకు దయ్యం పట్టింది.

కిటికీ సందులోంచి నీలం వెలుగు. ఖాళీ డ్రమ్ములు ఉన్నట్టుండి ఢమ్మనడం. టింగు టింగుమని సన్నటి పాట. పాలు పోసే సాలమ్మ అయితే ఒట్టేసి చెప్పింది, లోపల ఎవరో లెక్కపెడుతున్నారని. “ఒకటి... రెండు...” అని ఆగిపోయిందట. మూడు అననే లేదట. ఇంకెవరు, మొగులప్పే అని ఊరంతా తేల్చేసింది.

ఈ కథ నాకు చెప్పింది అహరోను. బస్టాండు దగ్గర టైలర్. ఏటేటా నా ప్యాంట్ల నడుము వదులు చేసిపెట్టే పుణ్యాత్ముడు. అబద్ధాలు ఆడడని చెప్పను. పండక్కి ఇస్తానన్న చొక్కా పండగ పోయాక ఇస్తాడు. కానీ ఈ కథ చెబుతున్నప్పుడు మాత్రం చేతిలో సూది వణికింది, మూతి మీద నవ్వు ఆగలేదు. రెండూ కలిసి ఒకే మనిషిలో చూడటం నాకు అదే మొదటిసారి.

అతని దోస్తు ఖదీర్ రియాద్‌లో పనిచేస్తాడు. సెలవుకు వచ్చినప్పుడు రెండు వీడియో గేమ్ ఆట డబ్బాలు తెచ్చాడు. అరచేతిలో పట్టేంత, పుస్తకంలాగ తెరుచుకునేవి. ఒకటి తన కూతురు నిలోఫర్‌కు, ఇంకోటి చిన్నప్పటి దోస్తు అహరోనుకు. ఖేడ్ మొత్తానికీ ఆ డబ్బాలు రెండే. ఆటలో అడవులు, గుట్టలు తిరుగుతూ వింత జంతువులను పట్టాలి, పెంచాలి, కొట్లాటకు దింపాలి. ఆఖరికి ఒక పెద్ద వస్తాదును ఓడిస్తే కథ ఖతం.

అహరోను వస్తాదును ఓడించాడు. ఆ రాత్రి అతని భార్య రోజ, నెలలు నిండుతున్న మనిషి, మోకాళ్లూని మరీ దేవునికి స్తోత్రం చెప్పుకుంది. పీడ వదిలిందనుకుంది పాపం.

“ఖతమైంది గద. ఇగ ఆ స్కూలు డ్రెస్సులు కుట్టు.”

“గిప్పుడే షురూ అయింది,” అన్నాడు మొగుడు.

నిజంగానే అప్పుడే మొదలైందట. కథ నడుస్తున్నంతసేపు వస్తాదు వెనక పడి పరుగెత్తిన దారుల్లోనే, ఇప్పుడు తీరిగ్గా నడవాలి. అప్పుడు మూసి ఉన్న గుహలు ఇప్పుడు తెరుచుకుంటాయి. గుడ్లు పొదిగించాలి. పగలు కనిపించని జంతువుల కోసం రాత్రుళ్లు గడ్డిలో కాపు కాయాలి. వస్తాదు మళ్లీ రమ్మంటాడు, మళ్లీ కొట్టి రావాలి. అన్నిటికన్నా ముఖ్యం, పట్టిన ప్రతి జంతువుకూ ఒక గడి ఉంటుంది, ఆ గడులన్నీ నిండాలి. ఒక్కటి ఖాళీగా ఉన్నా నిద్ర పట్టదన్నా, అన్నాడు నాతో. కుట్టిన చొక్కాకు ఒక గుండీ తక్కువైతే మాత్రం వీడికి హాయిగా నిద్ర పడుతుంది!

రోజ ఒకటే మాట చెప్పింది. “బిడ్డ భూమ్మీద పడ్డంక నీ చేతుల గా డబ్బా కనబడొద్దు. బిడ్డను పట్టుకునే చేతులు గవి.”

అహరోను సరేనన్నాడు. మనసారా అన్నాడు. బిడ్డంటే వాడికి ప్రాణం. కానీ అప్పటికి రెండు గడులు ఖాళీ. నొప్పులు ఇవ్వాళో రేపో అని దవాఖానలో చెప్పేశారు.

మొదటి గడి కొండ తాబేలుది. వాడి దగ్గర రాతి తాబేలు ఉంది. దాన్ని ఇంకొకరి డబ్బాలోకి పంపితేనే అది పెరిగి కొండ తాబేలవుతుంది. చేతులు మారకపోతే ఎన్నేళ్లయినా అట్లాగే ఉంటుంది. రెండో గడిలో ఒక నల్లటి నీడ మాత్రం కనిపిస్తుంది. మూడు తోకల ముంగిస. తోక తోకకు కొసన ఒక దీపం. అది ఎక్కడ దొరుకుతుందో తెలియదు. ఎవరైనా ఇస్తేనే వస్తుందేమోనని వాడి అనుమానం.

ఇచ్చేదెవరు? నిలోఫర్ పదో తరగతి. పరీక్షలు దగ్గరికొచ్చాయని నానమ్మ అఖ్తర్ బేగం ఎప్పుడో ఆ డబ్బా గుంజుకుని ట్రంకు పెట్టెలో పెట్టి తాళం వేసింది. తాళంచెవి నడుముకు. అహరోను ఒకసారి ధైర్యం చేసి అడిగాడు.

“పరీక్షలు కానీ. అప్పటిదాంక ఆ పేరెత్తితే నీ కత్తెరతోనే నీ నాలిక కోస్త,” అందట ముసలామె.

ఆ పరీక్షలు అయ్యేసరికి వీడి బిడ్డ నామకరణం కూడా అయిపోయేట్టుంది.

ఇక ఆ రాత్రి. రెండువేల పదకొండు, ఎండలు అప్పుడే ముదురుతున్నాయి. రోజకు మిరపకాయ బజ్జీలు తినాలనిపించింది. పొట్లం కట్టించుకుని దుకాణం మూసేసరికి కరెంటు పోయింది. చర్చి మిషన్ కాంపౌండు వెనక ఉన్న తన ఇంటికి రెండు దార్లు. చుట్టూ తిరిగిపోతే బజ్జీలు చల్లారతాయి. అడ్డదారిన పోతే... డిపో.

బజ్జీల కోసం అడ్డదారి పట్టాడు. చేతిలో టార్చి లేదు. ఆట డబ్బా తెరిచాడు. దాని వెలుగే దారి. వెలుగు ఎట్లాగూ ఉంది కదా అని ఆడుతూనే నడిచాడు.

డిపో షట్టర్ పక్కకు వచ్చాడో లేదో—

టింగ్!

డబ్బా మూలన చిన్న దీపం గుర్తు వెలిగింది.

చేతికొచ్చిన నాటి నుంచి ఆ గుర్తు వెలగడం అహరోను చూడలేదు. దానర్థం మాత్రం తెలుసు. దగ్గరలో ఇంకో డబ్బా ఉంది. ఎవరో ఇచ్చిపుచ్చుకోవడానికి పిలుస్తున్నారు. ముందు గంతేశాడు. గంతేసి కిందికి వచ్చేలోపల గుర్తొచ్చింది... తాను ఎక్కడ నిలబడ్డాడో.

కిటికీ సందులో నీలం వెలుగు.

డబ్బా మీద అవతలి వాళ్ల పేరు కనిపిస్తోంది. ఇంగ్లీషు మొదటి అక్షరం. మళ్లీ అదే. మళ్లీ అదే. గీత నిండా అదే అక్షరం... ఎవరో గొంతు చించుకుని అరిచినట్టు.

‘ఇచ్చిపుచ్చుకుందామా?’ అని అడుగుతోంది డబ్బా.

అహరోను కాళ్లు ఉరుకుదామన్నాయి. నాలిక యేసయ్యా అంది. బొటనవేలు మాత్రం... ‘అవును’ నొక్కేసింది.

రాతి తాబేలును పెట్టాడు. అవతలి నుంచి కూడా రాతి తాబేలే వచ్చింది! తెర మీద రెండూ ఎదురెదురుగా ఈదుకుంటూ చీకట్లో కలిసిపోయాయి. తెర తెల్లగా మెరిసింది... వచ్చిన తాబేలు ఒళ్లు విరుచుకుంది... వీపు మీద గుట్ట మొలిచింది... గుట్ట మీద చెట్టు మొలిచింది...

“వచ్చిందీ!” అని కేకేశాడు, ఉన్న చోటు మరిచిపోయి.

“ఆగయా!” అని, అంటే వచ్చేసిందని ఉర్దూలో, లోపలి నుంచీ కేక వినబడింది.

ఢమ్! డ్రమ్ము దొర్లింది.

ఇక అహరోను నిలబడలేదు. నిలబడలేదంటే ఉరకలేదు కూడా. అక్కడికక్కడే కూలబడ్డాడు. బజ్జీల పొట్లం గుండెకు హత్తుకున్నాడు. షట్టర్ పక్కన చిన్న తలుపు కిర్రుమంది. తెల్లటి ముసుగు... ముసుగు కింద నీలం మొహం... ఆ మొహంలో పళ్లు లేవు. నవ్వుతోంది.

“అరే... అహరోను?”

“మొగులప్పా... నేను నీకేం చెయ్యలే... మా ఇంట్ల గ్యాస్ పొయ్యే...”

“నోరు ముయ్. జల్దీ లోపలికి రా. ఎవరన్న చూస్తరు.”

ఆ గొంతు వాడికి చిన్నప్పటి నుంచీ తెలుసు. ఆ గొంతుతో తిన్న తిట్లు, ఆ చేతితో తిన్న సేమ్యాలు రెండూ లెక్కలేనన్ని. వాడు చిన్నప్పటి నుంచీ ఖాలా, అంటే పిన్నమ్మా, అని పిలిచే అఖ్తర్ బేగం!

ఖదీర్ వాళ్ల ఇల్లు డిపో వెనకే. నడుమ గోడలో కోళ్ల గూడు పక్కన ఒక సందు. నిలోఫర్ చదువుకుంటుంటే ముసలామె నమాజు అయ్యాక మెల్లగా ఆ సందులోంచి దూరి వచ్చేదట. ముందు దాన్లో ఏముందో చూద్దామని ట్రంకు తెరిచింది. కొత్త ఆటకు పేరు అడిగితే ఏం నొక్కాలో తెలియక నొక్కిన బటనే నొక్కింది. మెల్లగా వస్తాదు దాకా పోయింది. వస్తాదును కొట్టింది.

“కొట్టినవా ఖాలా? వస్తాదును?”

“మూడుసార్ల కొట్టిన,” అంది ముసలామె, బజ్జీ కొరుకుతూ. పళ్లు లేకపోయినా బజ్జీ ఆగలేదు. “పిలిచినప్పుడల్ల కొడ్తున్న. ఇగ గీ గడులు నిండుత లేవు. నీ దగ్గర ముంగిస ఉన్నదా?”

“లేదు. నీ దగ్గర?”

“ఉంటే నీ మొహమెందుకు చూస్త?”

ఇద్దరూ డ్రమ్ముల మీద కూర్చుని గుడ్ల గురించి, గుహల గురించి అరగంట మాట్లాడుకున్నారట. ఇన్నాళ్లూ ఈ సంతోషం ఎవరికీ చెప్పుకోలేక ఇద్దరి కడుపులూ ఉబ్బి ఉన్నాయి. ఆమె ఇంట్లో తెలిస్తే పరువు పోతుంది. నిలోఫర్ పరీక్షలు అయితే డబ్బా పోతుంది. వీడికి బిడ్డ పుడితే డబ్బా పోతుంది. ఒకరి కష్టం ఒకరికి బాగా అర్థమైంది.

“మరి ఖాలా... దయ్యం భయం లేదా నీకు?”

ముసలామె కొంగు అడ్డం పెట్టుకుని పడిపడి నవ్వింది. “దయ్యమా! ఆ దయ్యాన్ని పుట్టిచ్చిందే నేను. ఎవ్వరు ఇటు రావొద్దని పక్కింటి రామవ్వ చెవుల వేసిన. తెల్లారేసరికి ఊరంత పాకింది. నీలం వెలుగు గీ డబ్బాది. పాట గీ డబ్బాది. డ్రమ్ములు నా కాలు తాకి పడ్తయ్.”

అహరోను కూడా నవ్వాడు. నవ్వీ నవ్వీ కళ్లు తుడుచుకున్నాడు.

“మరి గా లెక్క ఎట్ల పెట్టినవ్ ఖాలా? ఒకటి, రెండు అని... సాలమ్మ విన్నదట గద.”

అఖ్తర్ బేగం నవ్వు ఆపింది.

“లెక్కనా? నేనెప్పుడు లెక్కపెట్టలే.”

టింగ్!

రెండు డబ్బాలూ ఒకేసారి మోగాయి. రెండింట్లోనూ దీపం గుర్తు వెలిగింది. అహరోను ఆమె డబ్బా కేసి చూశాడు, ఆమె వాడి డబ్బా కేసి చూసింది. ఇచ్చిపుచ్చుకోవడం ఎప్పుడో అయిపోయింది. వీళ్లిద్దరూ ఒకరినొకరు పిలుచుకోలేదు.

మూడో వాళ్లెవరో పిలుస్తున్నారు.

“ఖాలా... ఖేడ్‌ల డబ్బాలు రెండే గద...”

“పేరు చదువు. నాకు ఇంగ్లీషు రాదు.”

వాడు ఒక్కో అక్షరం కూడబలుక్కున్నాడు. “ఎం... ఓ... జి... యు... ఎల్...”

తర్వాత చదవలేకపోయాడు. చదవాల్సిన పని కూడా లేకపోయింది. మూలన ఉన్న పెద్ద డ్రమ్ము వెనక, ఇంకొక నీలం వెలుగు... మెల్లగా... పైకి లేస్తోంది. గాసునూనె వాసన గుప్పుమంది. డిపో మూసి ఎన్నేళ్లయిందో!

కాళ్లు ఉరుకుదామన్నాయి. ఈసారి బొటనవేలు కూడా ఉరుకుదామంది. అప్పుడే తెర మీద అవతలి వాళ్లు ఇస్తామంటున్న జంతువు నీడ కనబడింది. సన్నటి ఒళ్లు, పొడుగు మూతి, కొసన దీపాలు...

ముంగిస!

అహరోను ముసలామె కొంగు పట్టుకున్నాడు. ముసలామె అటువైపు చూసింది. తస్బీ జపమాల తిప్పుతున్నట్టు పెదాలు కదిలించింది. ఆ తర్వాత వాడి చెవిలో గుసగుసగా అంది —

“మొగులప్పనా? వానికి తక్కువ కొలిచే అలవాటు. ముందు వాన్ని పెట్టమను.”

...

ఇంతవరకు చెప్పి అహరోను టేపు తీసి నా నడుముకు చుట్టాడు. ఉయ్యాలలో వాడి కూతురు నిద్రపోతోంది. ఆ తెల్లవారుజామునే పుట్టిందట. మాట ప్రకారం డబ్బా ఆ రోజే రోజ చేతికి ఇచ్చేశాడు. ఇచ్చేటప్పుడు మాత్రం ఏడ్చాడు. బిడ్డను చూసి ఏడుస్తున్నాడనుకుని రోజ కూడా ఏడ్చింది.

నాకు ఆగలేదు. “ఇంతకూ వచ్చిందా లేదా?”

“వచ్చిందన్నా.” వాడి మొహం వెలిగిపోయింది. “ఖాలాకు ఒకటి, నాకు ఒకటి. గడులు నిండినయ్. బిడ్డ పుట్టకముందే నిండినయ్!”

“మూడు తోకల ముంగిసే?”

వాడు టేపు మీద అంకె చూస్తున్నట్టు తల వంచుకున్నాడు.

“ముంగిసే అన్నా. కానీ తోకలు... రెండే.”