లోపలి గడియ

ఆ ఇంట్లో వెనక గదికి గడియ బయటివైపు ఉండేది. వడ్రంగి దాన్ని విప్పుతూ, "ఇదేంటమ్మా, మనిషిని లోపల పెట్టి వేసేలా బిగించారు?" అని నవ్వాడు. కోడలూ నవ్వేసింది. సోమవారం నుంచి ఆమెకు ఉద్యోగం. ఇళ్ళ ప్లాన్లు గీసే పని. వారంలో మూడు రోజులు ఆఫీసు, మిగతా రోజులు ఇంట్లోనే. నాలుగేళ్ళ చిట్టి మధ్యలో వచ్చి ఒళ్ళో ఎక్కకుండా గడియ లోపలికి మార్పించింది, అదీ పిల్లకి అందనంత ఎత్తులో. పెళ్ళయిన ఇన్నాళ్ళకి తనకంటూ ఒక బల్ల, ఒక తలుపు. ఆమె కాళ్ళు నేలమీద ఆనడం లేదు.

అత్తగారు మాత్రం ఆ గది గడప తొక్కలేదు.

శనివారం మధ్యాహ్నం. మొగుడు ఊళ్ళో లేడు. వంటింట్లో అత్తాకోడళ్ళు గిన్నెలు సర్దుతున్నారు. ఎండకి వీధంతా మాటు మణిగింది.

టక్... వెనక గదిలో గడియ పడిన చప్పుడు.

కోడలు పరుగెత్తింది. తలుపు తోస్తే రాలేదు. లోపల చిట్టి కిలకిలా నవ్వుతోంది. ఆ నవ్వు వెనకాలే గుసగుసగా ఇంకో గొంతు... పడుచు గొంతు. తలుపు సందులోంచి, ఏళ్ళ తరబడి పెట్టెలో మగ్గిన బట్టల వాసన.

"అత్తయ్యా... లోపల ఎవరో ఉన్నారు."

అత్తగారి మొహంలో నెత్తురు చుక్క లేదు.

"మీ మామయ్యగారి అక్క," అంది గొణుగుతూ. "టీచరు ఉద్యోగం వచ్చిందట. వెళ్తానంటే వాళ్ళ నాన్న ఇందులో పెట్టి గడియ వేశాడు. పదకొండో రోజున, మానేస్తాను నాన్నా అంది. అప్పుడు తీశారు. తెల్లారేసరికి ప్రాణం లేదు."

కోడలు రెండు చేతులా తలుపు బాదింది.

"నువ్వూ ఆ మాటే అనవే తల్లీ. ఈ తలుపు ఆ మాటకే తెరుచుకుంది."

ఎంత కష్టపడితే వచ్చిన ఉద్యోగం! కానీ పిల్లకన్నా ఎక్కువా?

"మానేస్తాను!" అని అరిచింది కోడలు. "ఉద్యోగం మానేస్తాను, నా బిడ్డనివ్వు!"

నవ్వు ఆగిపోయింది.

"అమ్మా... చెయ్యి! నొప్పి... అమ్మా!"

"వద్దు! మానను... వెళ్తాను! సోమవారమే వెళ్తాను!"

గడియ మెల్లగా... చాలా మెల్లగా... జరిగింది.

గదిలో చిట్టి ఒక్కతే ఉంది. బల్ల, కుర్చీ ఎక్కడివక్కడే ఉన్నాయి.

"ఎవరు తీశారే గడియ?"

"అక్క."

పిల్ల మణికట్టు మీద ఐదు వేళ్ళ గుర్తులు.

కోడలు ఉద్యోగంలో చేరింది. మూడు నెలలైంది. డాక్టరు రాసిన మందులన్నీ పూసినా ఆ గుర్తులు పోలేదు. నిన్న ఆఫీసులో ఎందుకో నలుగురిలో చీవాట్లు పడ్డాయి. బస్సులో కిటికీ పక్కన కూర్చుని, ఛీ, మానేస్తే పోతుంది అనుకుంది. ఎవరితోనూ అనలేదు, మనసులోనే అనుకుంది.

ఇంటికొచ్చేసరికి చిట్టి గుమ్మంలో చెయ్యి పట్టుకుని ఏడుస్తోంది.

"అలా అనుకోకమ్మా... అక్క నొక్కుతోంది."