ఎడమ పువ్వు

ఎడమవైపు పువ్వు జారి పళ్ళెంలో పడింది.

తెల్ల చామంతి. దానికి బరువెంత, చప్పుడెంత? కానీ చక్రి చెవుల్లో గుడిగోడ కూలినంత మోత మోగింది.

కుందారపల్లిలో ఏ శుభకార్యమైనా మారెమ్మను పువ్వడగనిదే మొదలవదు. పూజారి అమ్మవారి రెండు భుజాల మీదా తడి పువ్వులు అంటిస్తాడు. ఇంటి పెద్ద కళ్ళు మూసుకుని మనసులోనే ప్రశ్న అడుగుతారు. కుడి పువ్వు రాలితే సరే. ఎడమ పువ్వు రాలితే వద్దు.

ఈ రోజు అడిగింది పవిత్ర వాళ్ళ అవ్వ పిల్లమ్మ. ఏమడిగిందో వేరే చెప్పాలా? మనవరాలి పక్కన హోసూరు ఫ్యాక్టరీ కుర్రాడు ఇస్త్రీ చొక్కా వేసుకుని నిలబడి ఉంటే!

"సరే తల్లీ," అని పిల్లమ్మ పళ్ళేనికి దండం పెట్టి ప్రదక్షిణకు వెళ్ళిపోయింది. పవిత్ర నాన్న చెన్నరాయప్ప చక్రి మొహంలోకి చూడలేక తల దించుకున్నాడు.

"ఏం జేసేదప్పా? మారెమ్మ మాట దాటి మాయమ్మ అడుగు ముందుకు వెయ్యదు."

చక్రిది కాకినాడ. హోసూరులో బేరింగులు చేసే కంపెనీలో క్వాలిటీ ఇంజనీరు. విరిగిన వస్తువు ఎందుకు విరిగిందో కనిపెట్టడమే అతని ఉద్యోగం. పవిత్ర కృష్ణగిరిలో ఫిజిక్స్ లెక్చరర్. ప్రకృతి నియమం అంటే అసలేమిటన్నది ఆమె పరిశోధన.

పోయినేడాది ఆమె విద్యార్థులను ఫ్యాక్టరీ చూపించడానికి తీసుకొచ్చింది. చక్రి బోర్డు మీద ఒక బేరింగ్ ఎందుకు పగిలిందో వివరిస్తున్నాడు. 'ఎందుకు' అని అయిదుసార్లు ప్రశ్నించుకుంటూ పోతే చివర దొరికేదే మూలకారణం అని ముగించాడు. నూనె వడపోసే ఫిల్టర్ శుభ్రం చెయ్యలేదట.

"ఎందుకు?" వెనక వరసలోంచి ఆ లెక్చరర్ గొంతు.

"ఏంటండీ ఎందుకు?"

"ఫిల్టర్ ఎందుకు శుభ్రం చెయ్యలేదు?"

"మా ఫార్మాట్‌లో అయిదు గళ్ళేనండీ."

"అట్లనా? ప్రకృతిలో కారణాలు మీ గళ్ళు చూసుకుని ఆగిపోతాయా?"

పిల్లలు ఘొల్లుమన్నారు. చక్రికి ఆ రాత్రి నిద్ర పట్టలేదు.

వారం తిరక్కుండా కృష్ణగిరి బస్టాండులో వాన. ఒకే రేకుల కప్పు కింద ఇద్దరూ.

"మామిడికాయ తొడిమ ఊడితే కింద పడుతుంది. ఎప్పుడూ పడుతుంది. అది నియమం కాదంటారా?" కసిగా అడిగాడు చక్రి.

"పడడం చూసినాము. పడి తీరాల అనేదాన్ని ఎవురు చూసినారు? నీవు చూసినావా?"

మొదటిసారి 'నీవు' అంది. వాన వెలిసింది. బస్సు వచ్చింది. ఇద్దరూ ఎక్కలేదు.

అలాంటి మనిషిని ఇప్పుడు ఒక చామంతి ఎత్తుకుపోతుందా?

చక్రి చూపు అమ్మవారి ముందున్న ఇత్తడి చెంబు మీద పడింది. నీళ్ళు వణుకుతున్నాయి! గుడి ఎడమ గోడ అవతలే నేషనల్ హైవే. లారీ పోయింది, నీళ్ళు నిలిచాయి. ఇంకో లారీ, మళ్ళీ వణుకు.

ఫోన్‌లో కంపనాలు కొలిచే యాప్ తెరిచి చెంబున్న గట్టు మీద పెట్టాడు. గీత ఎగిరిపడింది. పరుగున వెళ్ళి, అప్పటికే బయటికి నడిచిన పవిత్ర ముందు పెట్టాడు.

"చూడు! పువ్వు రాల్చింది అమ్మవారు కాదు, లారీ! రోడ్డు ఖాళీగా ఉన్నప్పుడు మళ్ళీ అడిగించు."

ఆమె ఎగిరి గంతేస్తుందనుకున్నాడు. ఆమె ఫోన్ వైపైనా చూడలేదు.

"ఒకటి అడుగుతాను, నిజం చెప్పు. కుడి పువ్వు పడింటే ఈ ఫోన్ బయటికి తీసింటావా?"

చక్రి ఫోన్ తెర ఆర్పేశాడు.

"చెప్పప్పా."

"లేదు."

"ఏం జేసింటావు?"

"పువ్వు కళ్ళకద్దుకుని... స్వీట్లు పంచేవాణ్ణి."

"గెలిస్తే మారెమ్మ, ఓడితే లారీ! నీ యాప్ అబద్ధం చెప్పలేదు. దాన్ని ఎప్పుడు తియ్యాల్నో నీవు చూసుకుని తీసినావు, అంతే. కావాల్సిన పువ్వు పడేదాకా అడిగి, పడినాక ఆపితే, జవాబు చెప్పింది ఎవురు? నీవే గదా?"

"అయితే నిన్ను వదులుకోమంటావా?"

"నేనట్ల అన్నానా?" పవిత్ర కళ్ళలో నీళ్ళు. వాదనలో ఆమె ఎన్నడూ ఏడవలేదు. "నేను కావాలని నీ నోటితో చెప్పు. దానికి లారీ సాక్ష్యం ఎందుకు నీకు?"

ఏడాదిగా కారణాల గురించి ఊదరగొట్టాడు. ఆ ఒక్క మాట మాత్రం ఏ మనిషికీ చెప్పలేదు. ఆమెకు కూడా!

ఫోన్ జేబులో వేసుకుని నేరుగా పిల్లమ్మ దగ్గరికి నడిచాడు. వెనకే పవిత్ర. అవ్వ ప్రదక్షిణ ముగించి మెట్ల మీద కొడుకు పక్కన కూర్చుని ఉంది.

"అవ్వగారూ, పువ్వు మళ్ళీ అడగమని రాలేదండీ. అది ఎందుకు పడిందో నాకు తెలీదు. నాకు తెలిసింది ఒక్కటే. పవిత్ర అంటే నాకు ప్రాణం. మీరు వద్దన్నా సరే, రేపు మళ్ళీ వస్తాను."

పిల్లమ్మ ఎగాదిగా చూసింది.

"యాడికి వస్తావు?"

"మీ ఇంటికేనండీ."

"రాకుంటే ఎట్లప్పా? మీయమ్మోళ్ళకు ఫోన్ జేసి మాట్లాడల్ల గదా."

చక్రి చెవులను నమ్మలేకపోయాడు. "మరి... ఎడమ పువ్వు?"

"దానికేమి? మామిడికాయ కోతకు ముందే పెండ్లి పెట్టుకుందామా తల్లీ అని అడిగినాను. వద్దనింది. కోతలై, ఆషాఢం దాటినాక శ్రావణంలో చేస్తాము."

చెన్నరాయప్పకు భుజం మీది తువ్వాలు జారింది కూడా తెలియలేదు.

"ఏమ్మా, నీవు అడిగింది ముహూర్తమా? పిల్లోడు సరేనా కాదా అని అడగలేదా?"

"వాణ్ణి గురించి మారెమ్మను అడిగేదేమిరా? నాకు కండ్లు లేవా? కృష్ణగిరి సంతకు పోయినప్పుడంతా చూస్తానే ఉండాను, ఏడాదిగా దీన్ని బస్సెక్కించి, అది కదిలేదాకా ఆడనే నిలబడుకునుంటాడు. అది చూసినాక ఇంక అడిగేదేముండాది? తెలీనిదాన్నే అడగల్ల."

చక్రి మెట్టు మీద కూలబడిపోయాడు. పవిత్ర కొంగుతో మొహం కప్పుకుంది. ఏడుస్తోందా, నవ్వుతోందా? భుజాలు మాత్రం అదురుతున్నాయి.

కాసేపటికి అవ్వ పక్కన చేరి, చక్రి వైపు చూడకుండా, చెవిలో చెప్పినట్టే చెప్పింది. అందరికీ వినబడింది.

"అవ్వా... శ్రావణమంటే శానా దూరముండాదే. ఇంకొక్క తూరి అడగరాదా?"